ఒకే నోట రెండు పక్షాలు

తత్త్వశాస్త్రాన్ని కాలేజీ గదుల్లోంచి జనం మధ్యకు తెచ్చినవాళ్లలో మార్క్ సోతే పేరు చెబుతుంటారు. 1992లో పారిస్‌లో ఒక కాఫీ హోటల్లో ఆదివారం చర్చలు మొదలుపెట్టాడాయన. మంచి పని. నాకు మాత్రం అంతకంటే ముందు, గజ్జె కట్టి చిరతలు పట్టి పందిట్లో హరికథ చెప్పిన ఆదిభట్ల నారాయణదాసుగారు గుర్తొస్తారు.

1864లో బొబ్బిలి దగ్గర అజ్జాడలో పుట్టారు. 1919లో విజయనగరంలో సంగీత కళాశాల పెట్టినప్పుడు మొదటి ప్రిన్సిపాల్ ఆయనే. ఉమర్ ఖయ్యాం రుబాయీలను సంస్కృతంలోకీ అచ్చతెలుగులోకీ తెచ్చిన పండితుడు. ‘జగజ్జ్యోతి’ అని తత్త్వగ్రంథమూ రాశారు. దాన్ని తెరవాలంటే చదువుండాలి. ఆయన హరికథకు వచ్చి కూర్చుంటే చాలు.

హరికథలో నన్ను కట్టిపడేసేది ఒకటుంది. నాటకంలో పాత్రకొకరు, ఇక్కడ అందరూ ఒక్కరే. కాటిసుంకం అడిగే హరిశ్చంద్రుడు, బిడ్డ శవాన్ని ఒళ్లో పెట్టుకున్న చంద్రమతి, ఇద్దరి మాటా ఒకే గొంతులోంచి రావాలి. ఏ ఒక్కరి మాట పలచబడినా కథ అక్కడే చతికిలబడుతుంది. ఎదుటివాడి వాదాన్ని ముందు నిండుగా వినిపించి, ఆ తర్వాతే కాదనాలన్నది మన దర్శనకారుల పద్ధతి. ఓనమాలు రాని రైతుకు కూడా ఆ పద్ధతి అలవాటు చేసింది ఈ పందిరే అని నా నమ్మకం.

ఇక హరికథ మధ్యలో వచ్చే పిట్టకథ. మృదంగం ఆగుతుంది. కథ చెప్పే దాసుగారెవరైనా ఊళ్లో అప్పుల సంగతో, చెడిపోయిన పెళ్లి సంబంధమో ఎత్తుకుంటారు. జనం నవ్వుతారు. ఆ నవ్వులో ఎవరికి వాళ్లకు సొంత ఇంటి వ్యవహారం తట్టేలోపు ఆయన మళ్లీ కాశీ శ్మశానంలో ఉంటారు. ఎక్కడ ఆపాలి, ఎంతసేపు ఆపాలి అన్నదే ఈ విద్యలో అన్నిటికంటే కష్టం. కాస్త ఎక్కువైతే అది ఉపన్యాసమైపోతుంది.

ఇప్పుడు ఫోన్లలో అరనిమిషం జీవితసత్యాలు వస్తున్నాయి. వినేవాళ్లు లక్షల్లో ఉన్నారు. నిడివి తక్కువన్నది కాదు నా బాధ. వాటిలో జవాబే ఉంటుంది, రెండో పక్షం ఉండదు.

హరిశ్చంద్రుడి మీద మా ఇంట్లో తగువు ఇంకా తెగలేదు. ఇచ్చిన మాట కోసం ఆలినీ బిడ్డనూ అమ్మే హక్కు మొగుడికి ఎవరిచ్చారని మా అమ్మ. రాజే మాట తప్పితే ఊరి గతేమిటని మా పెదనాన్న. ఇద్దరూ ఆ కథ విన్నది ఒకే పందిట్లో, ఒకే దాసుగారి నోట.