విడిపోయాక పాడిన పాటలు

అబ్బా అనగానే అందరికీ 'డాన్సింగ్ క్వీన్' గుర్తొస్తుంది. నాకు మాత్రం 1981లో వచ్చిన 'ది విజిటర్స్'. అప్పటికే బ్యోర్న్, అగ్నేతా విడాకులు తీసుకున్నారు. బెన్నీ, ఫ్రీడా ఆ ఏడాదే విడిపోయారు. అయినా నలుగురూ స్టాక్‌హోమ్‌లో అదే పోలార్ స్టూడియోకి వచ్చి పనిచేశారు.

'వెన్ ఆల్ ఈజ్ సెడ్ అండ్ డన్' బెన్నీ, ఫ్రీడాల ఎడబాటు గురించే. మాటలు రాసింది బ్యోర్న్, పాడాల్సింది ఫ్రీడా! ఆవిడ గొంతులో ఏడుపు వినపడదు, తలెత్తుకుని నడిచి వెళ్ళిపోవడం వినపడుతుంది. 'స్లిప్పింగ్ త్రూ మై ఫింగర్స్' వినడం ఇంకా కష్టం. బడికెళ్తున్న కూతుర్ని చూసి తండ్రి రాశాడు, తల్లి పాడింది. ఇద్దరి ఇళ్ళూ వేరు. మగవాళ్ళు రాసిన మాటల్ని ఈ ఆడవాళ్ళు లాక్కుని తమవి చేసుకున్నారనే నేనంటాను.

'టూ ఫర్ ది ప్రైస్ ఆఫ్ వన్' అనే వేళాకోళం పాట మాత్రం ఈ గుంపులో ఎందుకుందో! దాన్ని దాటేసే వింటాను. తలుపు చప్పుడుకి వణికే టైటిల్ పాట వెనకున్నది సోవియట్ అసమ్మతివాదుల భయం. చిందులేద్దామని వచ్చినవాళ్ళకి ఇక్కడ పెద్దగా ఏమీ దొరకదు.

తర్వాతి ఆల్బం 'వాయేజ్' రావడానికి 40 ఏళ్ళు పట్టింది. కానీ నాకు అబ్బా ఆగిపోయేది ఇందులోని చివరి పాట దగ్గరే. ఫ్రీడా ఒక్కతే పాడుతుంటుంది, పక్కన గడియారం టిక్ టిక్‌మంటూ.