నత్కీరుని కుష్ఠము

దైవదర్శనమాత్రమున రోగము దీరుట క్షేత్రమాహాత్మ్యములందుఁ దఱచుగా వినవచ్చు వృత్తాంతము. మయూరుఁడు సూర్యశతకమును రచించి కుష్ఠమును బాపుకొనెనను ప్రతీతి సంస్కృతజ్ఞు లెఱిఁగినదే. అట్టి కథలలో ధూర్జటి శ్రీకాళహస్తిమాహాత్మ్యమందలి నత్కీరోపాఖ్యానము వేఱుగాఁ బరిశీలింపఁదగినది. ఏలయన నిది రోగముతోఁ గాక కఱవుతో నారంభమగుచున్నది.

పాండ్యదేశమున క్షామము పుట్టఁగా నొక శివార్చకుఁడు బ్రదుకుఁదెరువు లేక దేశాంతరము పోఁజూచును. శివుఁడు వానికిఁ బద్య మొసఁగి రాజసభకుఁ బంపును. పరంజ్యోతిముని ద్రవిడ పురాణమునం దీ యర్చకునిది పేదఱికము, వివాహేచ్ఛయు. అందు నత్కీరుఁడు ఫాలాక్షాగ్నికిఁ దాళలేక మధురాలయపుఁ గొలనునఁ బడును. క్షామము, కుష్ఠము నను రెండును జేరుటచేతఁ దెలుఁగుకథకు వేఱొక బరువు గలిగినది. ఆఁకటివానికి దైవదత్తమైన పద్యమే యౌషధము. వనితల కురులకు సహజగంధ మున్నదనుట తప్పని నత్కీరుఁ డాక్షేపించుటతో వాని కూడు నోటికందకుండెను. పండితుని వాదము సరియైనదే. మూఁడవకన్నుఁ జూచియు నాతఁడు వెనుదీయలేదు. అట్టివాఁడు వ్యాధి సోఁకఁగానే కైలాసమునకై బయలుదేఱుటను భక్తివిజయ మనుట సులభము. కాని కవి చూపినది నిస్సహాయత.

ఈ ప్రయాణమే యుపాఖ్యానమునకుఁ బ్రాణము. కొలని గట్టున మఱ్ఱియాకు సగము నేలను, సగము నీటను బడి పక్షియు మీనమునై పెనఁగులాడ, నత్కీరుఁడు తన రోగమును మఱచి చూచుచు నిలిచి భూతమునకుఁ జిక్కును. మేను చెడినను గుతూహలము చెడలేదు! (కావ్యమంతటఁ బాండిత్యస్వభావ మింత చక్కఁగాఁ బట్టువడినచోటు లరుదు.) గుహలోఁ దనవలెనే చావు కెదురుచూచువారి నడుమ నాతఁడు కుమారస్వామిని బ్రార్థించును.

పాఠశాలలో నీ కథఁ జెప్పువారు వ్యాధి శాపఫలమను భాగమును మాత్రము విడఁదీసి చెప్పవలయును. కుష్ఠశబ్ద మాయుర్వేదమునఁ బలు చర్మవ్యాధులకుఁ జెల్లును. నేఁడు కుష్ఠమనఁబడు రోగమునకుఁ గారణమైన సూక్ష్మజీవిని హాన్సెన్ 1873లోఁ గనుఁగొనెను. 1981లోఁ బ్రపంచారోగ్యసంస్థ బహౌషధచికిత్సను విధించిన పిమ్మట నది కుదురు వ్యాధియే. అయినను రోగులను వేఱుపఱచిన 1898 నాఁటి చట్టము 2016 వఱకు రద్దు కాలేదు. శాపమను తలంపు శాస్త్రముకంటె మెల్లఁగాఁ దొలఁగును.

ఇఁక స్వస్థతను గూర్చి. రోగికిఁ గైలాసము చేరరానిది. కాళహస్తియే దక్షిణకైలాసమని తెలియుటతో దూరపుమందు చేరువకు వచ్చినది. తెలుఁగుసీమ రోగు లా స్వర్ణముఖీతీరమునకు నడచివచ్చుటకు నత్కీరుని తర్కము గాదు, ఈ చేరువయే కారణము.