'ఒరోచి' చిత్రమున విధియు లోకనిందయు

1925 సంవత్సరమున జపానుదేశమున వెలువడిన 'ఒరోచి' మూకచిత్రములలో నెన్నఁదగినది. ఫుతగావ బుంతారో దర్శకుఁడు. సుసుకిత రొకుహెయ్ కథాకర్త. బాండో త్సుమసబురో నాయకపాత్రధారి. దీనికిఁ దొలుత దుర్వృత్తుఁడను నర్థముగల పేరుండెను. ప్రభుత్వపరీక్షకు లొప్పమిచే మహాసర్పవాచకమగు 'ఒరోచి' యను పేరు పెట్టఁబడెను.

నాయకుఁడు హెయిజాబురో యల్పపదవియందున్న సమురాయి. గురుని జన్మదినోత్సవమున నున్నతకులజుఁడొకఁడు తన్ను నవమానింపఁగాఁ గలహము పుట్టెను. దండనము మాత్రము వీనికే కలిగెను. గురుపుత్రికయగు నామియె గౌరవమును నిలుపఁబోయి యామెచేతనే యపార్థము చేయఁబడి బహిష్కృతుఁడయ్యెను. పిమ్మట నూరూరఁ దిరుగుచుఁ జెఱసాలపాలయి దుష్టుఁడను పేరు మోసెను.

దీనిని విధివిలాస మని సరిపుచ్చుట సులభము. కాని కథను బరికించినచో వాని పతనమున కడుగడుగునను మానవులే కారణముగాఁ గానవత్తురు. గురువు విచారింపఁడు, పురజనులు వేషమును జూచి గుణమును నిర్ణయింతురు. విచారణలేని తీర్పు మరల మరల వచ్చుటయే యిచట విధి యనిపించుకొనుచున్నది. అట్లని నాయకుఁడు నిర్దోషియుఁ గాఁడు. వాని తొందరకోపమే నిందకు సాక్ష్యమగుచుండును. కావుననే యిందలి కరుణము కేవలాశ్రుపాతముగాక యాలోచనమును గూడఁ బుట్టించును.

దుష్టుఁడనఁబడువాఁ డెల్ల దుష్టుఁడు కాఁడనియుఁ, బూజ్యుఁడనఁబడువాఁ డెల్ల సజ్జనుఁడు కాఁడనియు నారంభమందలి వ్రాఁత తెలుపును. సిద్ధాంతము నిట్లు ముందే చెప్పుట కొంత లోపమే. తెరప్రక్కనుండి కథ వినిపించు బెన్షియను వ్యాఖ్యాత నాఁటి ప్రదర్శనములం దుండుటచే నీ వాచ్యత్వ మింకను హెచ్చును. అయినను గడపటి ఘట్టము దీనిని మఱపించును. లోకము పరోపకారిగా నెంచు జిరోజో నిజమునకుఁ గుటిలుఁడు; వాని యింట హెయిజాబురో యాశ్రయము పొందును. భర్తతోఁ గూడ నచటికిఁ దేఁబడిన నామియెను జెఱుపనెంచిన జిరోజోను నాయకుఁడు చంపును. అంత రక్షకభటులు చుట్టుముట్టుదురు. ఆ దీర్ఘయుద్ధమున విజయోత్సాహముకంటె నలసటయు నిరాశయు మిన్నగాఁ గనఁబడును. దుష్టుఁడు పట్టువడెనని జనులు సంతసింప, సత్యమెఱిఁగిన యా దంపతు లిరువురే చేతులు మోడ్తురు.

పేరునుబట్టి మనుజుని నిర్ణయింపరాదని చెప్పిన యీ చిత్రమునకే పేరునుబట్టి యాక్షేపణ వచ్చుట గమనింపఁదగినది. లోకనింద యెట్లు విధిరూపము దాల్చునో చూపుటయే దీని ముఖ్యగుణము.