చచ్చౌకము: ఒక రూపవిశేషణము యొక్క అర్థవిచారము

తెలుగు నిఘంటువులలో ‘చచ్చౌకము’ అను పదమొకటి కలదు. దానికి చతురస్రమనియు, నలుచదరమనియు అర్థము చెప్పబడుచున్నది. విశేషణముగా వాడునపుడది ‘చచ్చౌకపు’ అగును: చచ్చౌకపు పీట, చచ్చౌకపు బండ. నేటి తెలుగు రచనలలో ఈ పదము కానవచ్చుట మిక్కిలి అరుదు. అరుదైన పదమునకు తెలిసిన పదమొకటి పర్యాయముగా చూపినంతనే చదువరి తృప్తిపడి పుట త్రిప్పును. ఆ పర్యాయము సరిపోయినదా లేదా యని విచారించువారు తక్కువ. మేమిచ్చట విచారింపదలచినది అంతమాత్రమే. చచ్చౌకమైనదెల్ల చతురస్రమే యగును. కాని చతురస్రమైనదెల్ల చచ్చౌకము కాదు. ఈ భేదము నిఘంటువున చెప్పబడకుండుటచేత ఒక్క పదమునకే కాక ప్రాచీన గణితగ్రంథములను చదువు విద్యార్థికిని నష్టము కలిగినదని మా యభిప్రాయము.

మొదట చతురస్రశబ్దమును చూతము. అస్రమనగా మూల. నాలుగు మూలలు గలది చతురస్రము. భుజములు సమముగా నుండవలెనన్న నియమము ఈ పదమున ఎచ్చటను లేదు. కనుకనే శుల్బసూత్రకారులు నాలుగు భుజములును సమమైన వేదికను చెప్పవలసినపుడు ‘సమచతురస్ర’మనియు, నిడుపైన దానిని చెప్పవలసినపుడు ‘దీర్ఘచతురస్ర’మనియు విశేషణము చేర్చి చెప్పిరి. తొమ్మిదవ శతాబ్దివాడైన మహావీరాచార్యుడు గణితసారసంగ్రహమున చతురస్రములను అయిదు విధములుగా విభజించెను: సమము, ద్విద్విసమము, ద్విసమము, త్రిసమము, విషమము. ఇందు మొదటిది తప్ప తక్కిన నాలుగును నేటి పాఠశాలలో చతురస్రములు కానేకావు.

మన పాఠ్యపుస్తకములు నాలుగు భుజములు గల క్షేత్రమునకు చతుర్భుజమనియు, అందు భుజములును మూలలును సరియైన దానికి చతురస్రమనియు పేర్లు పంచిపెట్టినవి. శాస్త్రమున దాదాపు ఒకే యర్థమునకు చెల్లిన రెండు మాటలను విడదీసి ఒక్కొక్కదానికి ఒక్కొక్క పని యప్పగించుట బోధనకు సుకరమే. కాని ఆ పుస్తకములే ‘దీర్ఘచతురస్రము’ను విడువలేదు. చతురస్రమే సమభుజమైనచో దీర్ఘమైన చతురస్రమెట్లు సంభవించును? ఈ ప్రశ్న నడిగిన బాలుడు తెలివిగలవాడు. సమాధానము చెప్పలేని ఉపాధ్యాయుని దోషమును లేదు. పదము పాత యర్థమున సమాసములో నిలిచి, కొత్త యర్థమున విడిగా తిరుగుచున్నది. పరిశోధకునికి కలుగు చిక్కు ఇంతకంటె పెద్దది. మహావీరుని గ్రంథమును తెలుగు చేసిన పావులూరి మల్లన సారసంగ్రహ గణితమును గాని, దాని మూలమును గాని తెరచి, ‘విషమచతురస్ర’మను మాటను నేటి యర్థముతో చదివినచో ‘సమముగాని సమభుజక్షేత్ర’మని తేలును. అది వదతోవ్యాఘాతము. దోషము గ్రంథమున లేదు. మన చెవిలో నున్నది.

పోనీ, ‘సమచతురస్ర’మన్నచో సందేహము తీరునా? తీరదని క్రీ. శ. 629లో ఆర్యభటీయమునకు భాష్యము వ్రాసిన మొదటి భాస్కరుడు గుర్తించెను. వర్గము సమచతురస్రమని ఆర్యభటుడు చెప్పగా, భుజములు నాలుగును సమమై కర్ణములు విషమమైన క్షేత్రమునకు కూడ ఆ పేరు పట్టునే యని ఆక్షేపించుకొని భాష్యకారుడు విచారించెను. ఈ యాక్షేపము ఎంత బలమైనదో చిన్న లెక్కవలన తెలియును. భుజము 5 గల సరియైన వర్గక్షేత్రము ఫలము 25. భుజములు నాలుగును 5 గనే యుండి, కర్ణములు 6ను 8ని అయిన క్షేత్రము ఫలము 24. భుజములు కొలిచిన వానికి రెండును ఒక్కటియే. మూలలు చూచినవానికే భేదము తెలియును.

ఇంతవరకు శాస్త్రము మాట. ఇక దేశి పదమైన చచ్చౌకమును విచారించుటకు వికారాబాదు, తాండూరు ప్రాంతముకన్న తగిన చోటు మాకు తోచలేదు. ఏలయనగా అచ్చట రాయియు, ఎల్లయు రెండును కలసియున్నవి. వికారాబాదు దాపునున్న అనంతగిరి కొండలలో మూసీనది పుట్టి తూర్పునకు పోవుచున్నది. ఆ ప్రాంతపు నీళ్లే కాగ్నా నదియై పడమరగా తాండూరు మీదుగా సాగి కన్నడసీమలో భీమానదిని చేరుచున్నవి. వికారాబాదు జంక్షనునుండి వాడికి పోవు రైలుమార్గము కూడ దాదాపు ఆ దిక్కుననే తాండూరు దాటి సేడము, మల్‌ఖేడు రోడ్డు, చిత్తాపురము మీదుగా పోవును. ఈ మల్‌ఖేడు, రాష్ట్రకూటుల రాజధానియైన మాన్యఖేటము. మహావీరాచార్యుడు తన గ్రంథారంభమున ప్రశంసించిన అమోఘవర్షుడు ఏలినది అచ్చటనుండియే. చతురస్రములను అయిదు విధములుగా లెక్కించిన గ్రంథమునకు ఆశ్రయమైన రాజధానియు, నేడు చతురస్రపు బండలు కోయు ఊరును ఒకే యేటి గట్టున నున్నవనుట మేము కల్పించిన చమత్కారము కాదు.

తాండూరు తాలూకా 1956 వరకు హైదరాబాదు రాష్ట్రమున గుల్బర్గా జిల్లాలో నుండెను. రాష్ట్రముల పునర్వ్యవస్థీకరణమున అది ఆంధ్రప్రదేశమున చేరెను. పిమ్మట రంగారెడ్డి జిల్లాలోను, 2016 నుండి వికారాబాదు జిల్లాలోను ఉన్నది. అనగా కన్నడము ఆ ప్రాంతమునకు పొరుగు మాత్రమే కాదు, చాలకాలము ఒకే కచేరి క్రింది భాష. ఆ కన్నడమున ‘చచ్చౌక’ నిఘంటువునకు పరిమితమైన పదము కాదు. వ్రాతలోను, మాటలోను అందరు నెరిగిన పదము. ‘చచ్చౌకాకార’మన్న మాట పత్రికలలో సయితము సహజముగా వచ్చును. మన విచారణకు ముఖ్యమైన యంశమిది: కన్నడమున నిడుపైన నాలుగు మూలల క్షేత్రమును చచ్చౌకమనరు. దానికి ఆయతమను వేరుమాట కలదు. మన నిఘంటువులో పర్యాయముల నడుమ మరుగుపడిన నియమము పొరుగుభాష వాడుకలో నిలిచియున్నది.

పదనిష్పత్తియు ఈ యర్థమునకే సాక్ష్యము చెప్పుచున్నది. సంస్కృత చతుష్కశబ్దము ప్రాకృతమున చౌక్కమై తెలుగున చౌకమైనది. నాలుగు స్తంభముల మంటపమునకు చెల్లిన ‘చవికె’యు ఆ కుదురులోనిదే. (చదరంగమును ఈ కుటుంబమున చేర్చువారు కొందరున్నారు. బల్లపై చదరములుండుటచేత కలిగిన భ్రమయది. ఆ పదము చతురంగబలమునుండి వచ్చినది.) చౌకము మీద ‘చ’కారమొకటి చేరి ద్విత్వము వచ్చి చచ్చౌకమైనది. ఈ తొలి యక్షరమేమి? ఆమ్రేడితమని యొక పక్షము. కాని తెలుగున కడ, నడుమ, తుద మొదలగు పదములకు ఆమ్రేడితము పరమగునపుడు ద్విరుక్తటకారము వచ్చి కట్టకడ, నట్టనడుమ, తుట్టతుద అగును. ఆ త్రోవనే పోయినచో ‘చట్టచౌకము’ కావలెను గాని చచ్చౌకము కారాదు. ‘సత్’ శబ్దము ముందు చేరి, సచ్చరిత్రమువలె సచ్చౌకమై, వెనుకటి చకారముతో సామ్యము పొంది చచ్చౌకమైనదని రెండవ పక్షము. తమిళమున చతురమునకును, చవుక్కమునకును కూడ ఈ విధమైన తొలి యక్షరమే చేరి సరియైన చతురస్రమను నర్థమిచ్చుట ఈ రెండవ పక్షమునకు బలము చేకూర్చుచున్నది. ఆ భాషలో సకారచకారములకు లిపిలో భేదము లేదు గదా. మాకు రెండవదియే మేలుగా తోచుచున్నది. అయినను ఏ పక్షమును గ్రహించినను ఫలము మారదు. ఆమ్రేడితమైనచో ‘చౌకమునకు చౌకము’, సచ్ఛబ్దమైనచో ‘నిజమైన చౌకము’. రెండు విధములను ఆ తొలి యక్షరము ఖచ్చితత్వమును చెప్పుటకే వచ్చినది. శాస్త్రకారులు ‘సమ’ విశేషణముతో చెప్పదలచినదానిని జనులు ఒక్క యక్షరముతో చెప్పిరి.

మరి ఇంత చక్కని మాట తెలుగున ఏల మరుగుపడెను? మాకు తోచిన కారణములు కొన్ని కలవు. చౌకయనగా వెల తక్కువయన్న యర్థము బలపడినది. ‘చౌకపు బండ’ యన్నచో కొనువాడు ఆకారమును తలచునా, ధరను తలచునా? సంగీతమున చౌకకాలమన్నచో విలంబము. ఇన్ని యర్థముల నడుమ రూపార్థమున చౌకము నిలువలేకపోయినది. దానితో చచ్చౌకమును కదలిపోయినది. ‘చదరము’ వేరొక గతి పట్టినది. అది చతురస్రమునకు తద్భవమే యైనను చదరపు అడుగు, చదరపు గజము అను కొలతలలో చిక్కుకొని రూపమును విడిచి వైశాల్యమును పట్టుకొన్నది. ‘నలుచదర’మున నాలుగు రెండుమారులు చెప్పబడినది, అరిగిన పదమునకు అతుకు వేసినట్లున్నది. హైదరాబాదు రాజ్యమున విద్యాభాష ఉర్దూ యగుటచేత క్షేత్రగణితమున మురబ్బా, ముస్తతీలు అను మాటలు చదువుకొన్నవారి నోట నడచినవి. ఆ పదములలో మొదటిది సరియైన చతురస్రమును, రెండవది నిడుపైనదానిని నిస్సందేహముగా వేరుచేయును. ఆ తరమువారికి చచ్చౌకముతో అవసరమే కలుగలేదు.

అన్నిటికంటె పెద్ద కారణము అంకె. తాండూరు సున్నపురాయి పలకలు పలకలుగా విడివడు స్వభావము గలది. నీలిచాయ బండ, పసుపుచాయ బండ ఇండ్ల గచ్చులకు దూరదేశములకు పోవుచున్నవి. జనులు కన్నడసీమలోని పొరుగు ఊరి పేరున షాబాదు బండయని పిలుచునదియు ఈ జాతిదే. ఈ బండలను కొనునపుడు ఆకారమును చెప్పు విశేషణము అక్కరలేదు. ‘రెండు బై రెండు’ అన్నచో చాలును. ‘రెండు బై మూడు’ అన్నచో నిడుపైనది. రెండంకెలు ఒక విశేషణమును వ్యాపారమునుండి వెడలగొట్టినవి. కాని అంకెలు చెప్పునది భుజములను మాత్రమే! భాస్కరుని యాక్షేపము ఇచ్చట రాతిమీద నిలుచును. రెండు బై రెండు బండ మూల తప్పినచో భుజములు సరిపోయినను, నాలుగు బండలు కలియు చోట సందు విడుచును. అందుచేతనే తాపీపనివాడు మూలమట్టము పెట్టి చూచును, ఐమూలగా కొలిచి చూచును. 24 అంగుళముల భుజము గల బండకు రెండు ఐమూల కొలతలును సుమారు 34 అంగుళములు రావలెను. ఒకటి 33, ఇంకొకటి 35 అయినచో అది రెండు బై రెండే. చచ్చౌకము మాత్రము కాదు. పదము పోయినను పదార్థము పనివాని చేతిలో నున్నదనుటకు ఇంతకంటె నిదర్శనమేల?

సాహిత్యమున చతురస్రశబ్దము మరియొక యెత్తునకు పోయినది. కుమారసంభవ ప్రథమసర్గమున కాళిదాసు పార్వతి యౌవనమును వర్ణించుచు ఆమె రూపశోభను చతురస్రమన్నాడు. మెదకుసీమ కొలిచెలమవాడైన మల్లినాథసూరి ఆ మాటకు తక్కువయు నెక్కువయు కాని తీరు అని వివరించెను. మూలల లెక్క ఒప్పిదమైనది. మనవారు చతురస్రపాండిత్యమని పొగడుటయు ఆ త్రోవలోనిదే. చచ్చౌకమునకు ఆ గౌరవము దక్కలేదు. పండితప్రశంసలలో అది వినబడదు. పీటలను, బండలను, అరుగులను పట్టుకొని ఉన్నది. దీనిని పదము యొక్క కొరతగా మేము తలపము. అలంకారమున అర్థము సాగిపోయిన పదముకంటె వస్తువును విడువని పదమే అర్థనిర్ణయమున నమ్మదగిన సాక్షి.

ఇక నిఘంటుకారుల మాట. వారు చచ్చౌకమును విడువక చేర్చుకొనుటయే ఉపకారము. అయినను ‘చతురస్రము’ అని మాత్రము వ్రాసి విడుచుట నేడు రెండు విధముల చెడును. పాత యర్థమున చదివినచో అతివ్యాప్తి. నిడుపైనదియు, వంకరదియు చచ్చౌకమగును. కొత్త యర్థమున చదివినచో సరిపోవును గాని, ఆ సరిపోవుట పాఠ్యపుస్తకము పుణ్యము, నిఘంటువుది కాదు. వృత్తిపదములను ఊరూర సేకరించి అర్థము వ్రాయు పద్ధతిని ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమి 1962లో భద్రిరాజు కృష్ణమూర్తి సంపాదకత్వమున వ్యవసాయ పదకోశముతో ఆరంభించినది. ఆ పద్ధతిని రాతిపనికిని, అందును కన్నడపు టెల్లకును పట్టించినచో ఇట్టి పదములు ఇంకెన్ని దొరకునో. చచ్చౌకమునకు మే మొప్పుకొను వివరణమిది: ‘నాలుగు భుజములును సమమై, నాలుగు మూలలును మట్టమైన చౌకము, సమకర్ణమైన సమచతురస్రము’.

వాడుకలో ఒక హద్దు మాత్రము గుర్తింపవలెను. చచ్చౌకపు అను విశేషణము వస్తువు యొక్క ఆకారమునకే గాని వైశాల్యమునకు చెల్లదు. చదరపు అడుగునకు మారుగా ‘చచ్చౌకపు అడుగు’ అని వ్రాయుట పొరపాటు. రెండు బై మూడు బండకు ఆరు చదరపు అడుగులు కలవు, ఆ లెక్కనే దాని వెల కట్టుదురు. అది చచ్చౌకపు బండ కాదు. అట్లే నేలపై ఐమూలగా పరచిన చచ్చౌకపు బండ, చూపునకు వజ్రాకృతిగా కనబడినను, చచ్చౌకపు బండయే. పరచిన తీరు వేరు, బండ తీరు వేరు.