బుడుగు – మన యింటి తెలుగు

తెరపై కదలాడు బొమ్మలలో 1940లో పుట్టిన టామ్, జెర్రీలు మాటతో పనిలేకయే లోకమును నవ్వించినవి. మన బుడుగు రీతి వేరు. 1956–57లో ఆంధ్ర సచిత్ర వారపత్రికలో ముళ్ళపూడి వెంకటరమణగారు పలికింపగా బాపుగారు గీసిన యీ చిచ్చరపిడుగు కదలని బొమ్మ. కదలునది వాని మాట. అమెరికా డెన్నిసునకు (1951) ఛాయయని కొందరందురు. అల్లరిలో పోలిక యుండవచ్చును. గాని బామ్మ, బాబాయి, సీగానపెసూనాంబ మన లోగిలివారే.

1936లో ఒరిస్సాలో చేరిన యీ సీమలో, చమఖండిలోనైనను బరంపురములోనైనను, బడిభాష ఒడియా యైన బిడ్డకు తెలుగు ఇంటిలోనే వినబడవలెను. పద్యమునకు ముందు ఆ బిడ్డకు వలయునది అలుగు తెలుగు, వాదించు తెలుగు. అదియే బుడుగు సొత్తు. కావున బుడుగును పైకి చదివి వినిపింపుడు. బొమ్మ చూచి ఊరకున్నచో సగమే దక్కును.