ఆరు ప్రశ్నార్థకాలు

నవలల మీద విమర్శ రాస్తారు, సినిమాల మీద రాస్తారు. పక్కింటావిడ పెట్టిన ఆవకాయ మీద మనం నోటితోనే చేస్తాం. నేను ఈసారి ఒకే ఒక్క వాక్యం మీద విమర్శ రాయబోతున్నాను. రచయిత ఎవరో తెలీదు. కంప్యూటర్లో ఆట మొదలు కాకపోతే తెర మధ్య ఒక చిన్న పెట్టె వూడిపడుతుంది చూడండి, అందులో వుండే వాక్యం. ఇంతమంది కళ్ళబడి, ఇంత కొద్దిమందికి అర్థమైన రచన మరొకటి వుండదనుకుంటాను.

ఇందులో సాహిత్యం ఏముందంటారా? చిక్కులో పడ్డ మనిషితో ఎలా మాట్లాడాలో తెలియడం రచనకి చిన్న పరీక్షా?

అసలు సంగతి చెబుతాను. మా మనవరాలు, మా అబ్బాయి కూతురు, వేసవి సెలవులకి హైదరాబాదు నుంచి బందరు వచ్చింది. పదేళ్ళది. వాళ్ళ నాన్న తన పాత లాప్‌టాప్‌ని శుభ్రంగా తుడిచి దాని చేతికిచ్చి పంపాడు. “కొత్తగా మొదలెడుతుంటే పేరు అడుగుతోంది నానమ్మా” అంది. “తెలుగులో రాయవే” అన్నది నేనే. ఆ యేడే దానికి గుణింతాలూ వొత్తులూ పట్టుబడ్డాయి. ఒక్కొక్క అక్షరమే వెతుక్కుని, రాసి, తల ఎగరేసింది.

దానిది మా అత్తగారి పేరే. మూడక్షరాలు. ఆవిడ పుట్టిల్లు దివిసీమలో నాగాయలంక దగ్గర ఒక పల్లె. బడి మొహం చూడలేదు. నలభై దాటాక పంతం పట్టి ఆ మూడక్షరాలూ నేర్చుకున్నారు. ఇహ పోయేదాకా ఎక్కడా వేలిముద్ర వెయ్యలేదు. ఎదుటివాళ్ళు ఎంత విసుక్కున్నా సరే, గుడిదీర్ఘం సాగదీసి, వొత్తు కింద కుదురుగా కూచున్నాకే కలం ఎత్తేవారు.

పేరు రాయడం అయింది, బొమ్మలు వేసుకోవడం అయింది. తరవాత పిల్ల ఒక ఆట పెట్టుకుంది. దాని బొమ్మ మీద నొక్కితే తెర నల్లబడింది, పెట్టె వూడిపడింది. ఫలానా చోటు దొరకలేదని ఇంగ్లీషులో ఒక వాక్యం. ఆ చోటు పేరు మధ్యలో వరసగా ప్రశ్నార్థకాలు. కింద ‘ఓకే’ అని మీట. ఏది ఓకే? నేను సరేనన్నానా, పిల్ల సరేనందా? అయినా మరో దారి లేదు. నొక్కితే అంతా మూసుకుపోయింది. ఆ ప్రశ్నార్థకాలు చూసి, యంత్రానికి కూడా ఏదో అనుమానం వచ్చింది కాబోలు అనుకున్నాను.

అప్పట్నించీ ఇలాంటి వాక్యాలు పోగుచెయ్యడం మొదలెట్టాను. వీటిలో ముఖ్యంగా మూడు రకాలున్నాయి.

మొదటిది అంకెల రచన. ‘అప్లికేషను సరిగా మొదలు కాలేదు’ అని ఒక ముక్క అనేసి, పక్కన ‘0ఎక్స్‌సి000007బి’ లాంటి సంఖ్య పారేస్తుంది. తరచి అడిగితే తెలిసిందేమిటంటే, చాలాసార్లు ఆట 32 బిట్లది, దానికి అందిన సహాయపు ఫైలు 64 బిట్లది అయినప్పుడు ఈ గొడవ వస్తుందట. మీటరుగేజి పెట్టెని బ్రాడ్‌గేజి పట్టాల మీద పెట్టినట్టు. ఆ మాట చెబితే పోయేదేముంది? సంఖ్య కంటే పొడుగూ కాదు!

రెండోది ‘ఫలానా ఫైలు కనిపించడం లేదు’ అనే రకం. వీసీరన్‌టైమ్140.డీఎల్ఎల్ లేదంటుంది. ఆటలు అన్ని దినుసులూ తమ వెంట తెచ్చుకోవు. కొన్ని మన ఇంట్లో వుంటాయనుకుని వస్తాయి. పై ఫైలు విజువల్ సి ప్లస్ ప్లస్ అనే మూటలోది. మూట మొత్తం దాన్ని తయారుచేసిన మైక్రోసాఫ్ట్ దగ్గరే తెచ్చుకోవాలి గాని, దారిన పోయేవాడు పొట్లం కట్టిచ్చిన ఒక్క ఫైలు పుచ్చుకోకూడదు. అందులో ఏం కలిపాడో మనకేం తెలుసు? ఏమైనా ఈ రకానికి నేను మంచి మార్కులే వేస్తాను. లేనిదేదో పేరుపెట్టి చెబుతోంది. ‘ఉప్పు లేదు’ అన్న వంటమనిషితో బేరం లేదు గదా!

మూడోది మౌనం. తెర ఒక్క క్షణం నల్లబడి మళ్ళీ మామూలైపోతుంది. పెట్టె లేదు, మాట లేదు. బొమ్మల్ని తెరకెక్కించే గ్రాఫిక్స్ డ్రైవరు పాతబడి వుండచ్చు. వైరసుల్ని పట్టే కాపలావాడు ఆటలో ఏ ఫైలునో దొంగనుకుని చప్పుడు కాకుండా మూల కూచోబెట్టి వుండచ్చు. అలిగిన మనిషికి ఎక్కడ నొప్పో మనమే వూహించుకోవాలి. దీనికి సున్నా.

మా పిల్లకి వచ్చిన వాక్యం ఈ మూడింటిలో ఏదీ కాదు. సగం చెప్పి సగం నమిలింది.

గుడివాడలో పెళ్ళికి వెళుతూ లాప్‌టాప్ కూడా పట్టుకెళ్ళాం. అక్కడ ఒక కొట్లో చూపిస్తే, కూచున్న కుర్రాడు ఆటని ఒకసారి కదిపాడు. పెట్టె వచ్చింది. చదవకుండానే ‘ఓకే’ నొక్కేశాడు. “ఫార్మాట్ కొట్టెయ్యాలండీ” అన్నాడు. తలనొప్పని వెళితే తల తీసేద్దామన్నట్టుంది! పిల్ల తన బొమ్మలన్నీ పోతాయని లాప్‌టాప్‌ని గుండెలకి హత్తుకుంది. వొద్దు బాబూ అని వచ్చేశాం. ఆ మాట వినుంటే ఏమయ్యేదో తెలుసా? అంతా తుడిచేసి, మళ్ళీ పేరు తెలుగులోనే రాసి, మళ్ళీ ఆ పెట్టె మొహమే చూసేవాళ్ళం.

ఆ పై వారం అవనిగడ్డలో మా మరిదిగారింటికి వెళ్ళాం. వాళ్ళబ్బాయి చదివింది కంప్యూటర్లు, చేస్తున్నది వ్యవసాయం. నా గోడంతా విని నవ్వాడు.

“పెద్దమ్మా, బెజవాడ బ్యారేజీ దగ్గర బయల్దేరిన నీళ్ళు పులిగడ్డ అక్విడక్టు మీదుగా ఏరు దాటి మా దాకా రావాలి. మాది శివారు పొలం. నీళ్ళు రాలేదనుకో, పొలాన్ని తవ్విపోస్తామా? గట్టు పట్టుకుని పైకి నడుస్తాం. ముందు మా బోదె, ఆ పైన తూము, ఆ పైన కాలవ. గుర్రపుడెక్క ఎక్కడ అడ్డం పడిందో అక్కడ దిగుతాం. ఇదీ అంతే. ఏదీ, ఆ పెట్టె ఏమంటోందో పైకి చదువు.”

పిల్ల చదివింది. ప్రశ్నార్థకాల దగ్గర ఆగింది.

“ఎన్నున్నాయి?”

“ఆరు బాబాయ్.”

“ఇప్పుడు నీ పేరు ముక్కలు చేసి రాయి.”

అది కాయితం మీద రాసింది. అక్షరాలు మూడు. ఒక గుడిదీర్ఘం, నాలుగు. ఒక పొల్లు, అయిదు. ఆ కింద వొత్తు, ఆరు! మేం ముగ్గురం ఒకరి మొహాలొకరు చూసుకున్నాం. అవి యంత్రం అనుమానాలు కావు. మా అత్తగారి పేరు.

అతను చెప్పింది నాకు అర్థమైనట్టు చెబుతాను. కంప్యూటరు మనం మొదట రాసిన పేరుతోనే లోపల మనకో గది కడుతుంది. ఆటలు తమ సరంజామా ఆ గదిలో పెట్టుకుంటాయి. గది పేరు తెలుగులో వున్నందువల్ల విండోస్‌కి ఇబ్బంది లేదు. యూనికోడ్‌లో తెలుగుకి 1991 నుంచీ చోటుంది. 2001లో వచ్చిన విండోస్ ఎక్స్‌పీ నాటికే తెలుగు చదవడం వచ్చేసింది. తంటా అంతా ఆటది. దాన్ని పాత పద్ధతిలో రాశారు.

పెడనలో కలంకారీ అద్దకం చూశారా? అద్దేవాడి పక్కన చెక్క అచ్చులుంటాయి. నెమలి అచ్చు వుంటే నెమలి పడుతుంది, లేకపోతే లేదు. ఈ పాత పద్ధతిలో ఇంగ్లీషుకీ దాని చుట్టాలకీ ఇచ్చిన పెట్టెలో 256 అచ్చులే పడతాయి. రష్యనుకి వేరే పెట్టె వుంది, అరబ్బీకి వుంది. తెలుగుకి ఆ పద్ధతిలో విండోస్‌లో అసలు పెట్టే లేదు. అచ్చు లేని అక్షరం వస్తే ఆట అక్కడ ఒక ప్రశ్నార్థకం అద్దేసి ముందుకి పోతుంది. విండోస్‌లో ప్రశ్నార్థకంతో గదికి పేరు పెట్టడమే కుదరదు. అంటే, వుండడానికే వీల్లేని ఇంటి కోసం వీధంతా తిరిగి, ‘దొరకలేదు’ అని వచ్చి చెబుతోందన్నమాట.

ఇదంతా విని పిల్ల అడిగింది, “అయితే తెలుగులో రాయడం తప్పా నానమ్మా?”

నా ప్రాణం చివుక్కుమంది. 1902లో కృష్ణాపత్రిక మొదలైన వూరు మా బందరు. ఆ వూళ్ళో కూచుని, రాయమన్నది నేను. రాసింది అది. ఆడుకునే వస్తువు పాడైంది. ఇహ దాని బుర్రలో ఏం నాటుకుంటుంది?

ఇక్కడే ఆ వాక్యం మీద నా అసలు విమర్శ. అందులో తప్పు ఇంగ్లీషు కాదు, క్లుప్తత కాదు. ‘దొరకలేదు’ అన్న మాట తప్పు. చోటు వుంది, పిల్ల వుంది, పేరు వుంది. తనకి చదవడం రాకపోతే, అక్కడేమీ లేదనడం ఏం మర్యాద? మా అత్తగారికి వుత్తరం వస్తే, ‘ఇందులో ఏమీ లేదు’ అని ఏనాడూ అనలేదు. ‘నాకు చదవడం రాదు, కాస్త చదివి పెట్టమ్మా’ అని నా చేతికిచ్చేవారు. అక్షరం రాని మనిషికి వున్న ఆ సంస్కారం, అన్నేసి లెక్కలు వచ్చిన ఆటకి లేకపోయింది. ‘మీ పేరు నాకు చదవడం రాలేదు, లోపం నాది’ అని వుంటే పిల్ల ఆ ప్రశ్న నన్ను అడిగేదా? పైగా 2019 నుంచి విండోస్ 10లో, పాత పద్ధతి ఆట అయినా సరే, యూనికోడ్ వాడతానని లోపల ఒక చిన్న ప్రకటన చేర్చుకుంటే ఇలాంటి పేర్లు చదవచ్చునట. ఇంకా అమ్ముతున్న ఆటకి ఆ మాత్రం చెయ్యలేకపోయారా?

న్యాయంగా చెప్పాలంటే మా వంతు కూడా వుంది. గుడివాడ కుర్రాడు చదవలేదు సరే, నేను మాత్రం చదివానా? పెట్టె రాగానే కంగారుగా ‘ఓకే’ నొక్కడమే. చెడ్డ రచనే గాని, జవాబు అందులోనే వుంది. విమర్శ రాసేవాళ్ళు ముందు చదవాలన్న సంగతి నాకు దివిసీమలో తెలిసింది.

చివరికి ఉపాయం చిన్నదే. ఇంగ్లీషు అక్షరాలతో కొత్త ఖాతా తెరిచి, గది కట్టనిచ్చి, ఆ తరవాత పైకి కనిపించే పేరు తెలుగులోకి మార్చాడు. పై పేరు మార్చినా లోపలి గది పేరు మారదట. పిల్ల బొమ్మల్ని కొత్త గదిలోకి చేరవేశాడు. గుమ్మం మీద మా అత్తగారి మూడక్షరాలూ వున్నాయి, లోపల ఆట నడుస్తోంది. ఇది సర్దుబాటే గాని న్యాయం కాదని నేనంటే, “పోన్లే పెద్దమ్మా, ముందు పొలానికి నీళ్ళెక్కాయి” అన్నాడు.

బందరు వచ్చాక పిల్లకి వాళ్ళ ముత్తవ్వ సంతకం వున్న పాత కాయితం ఒకటి తీసి చూపించాను. చాలాసేపు చూసింది. సాయంత్రం కూచుని ఆట తయారుచేసిన వాళ్ళకి వుత్తరం రాసింది. వాళ్ళకి అర్థం కావాలని ఇంగ్లీషులోనే రాసింది. కింద సంతకం మాత్రం తెలుగులో పెట్టింది, దీర్ఘం బాగా సాగదీసి.

జవాబు ఇంకా రాలేదు. ఆ సంతకం వాళ్ళ దగ్గరికి వెళ్ళేసరికి మూడక్షరాలుగానే వుందో, ఆరు ప్రశ్నార్థకాలైందో!