ప్రశ్న గుర్తున్న రెండు చిత్రాలు

సినిమా అంటే ఎవరో తీస్తారు, మనం చూస్తాం. ఏడ్చేచోట ఏడ్చి, నవ్వేచోట నవ్వి, ఇంటికొచ్చి అన్నం వండుకుంటాం. అలా కాకుండా, ఎవరి గురించి తీస్తున్నారో వాళ్ళతోనే కూర్చుని, వాళ్ళ మాటల్లోంచే చిత్రం అల్లితే ఎలా వుంటుంది? మన హైదరాబాదులోనే అలాంటి ప్రయత్నాలు రెండు జరిగాయి. రెండింటికీ దర్శకురాలు దీపా ధన్‌రాజ్. రెండింటి పేర్లూ ప్రశ్నలే!

మొదటిది 1983 నాటి 'ఇది కథ మాత్రమేనా?' యుగాంతర్ అనే స్త్రీల చలనచిత్ర బృందమూ, హైదరాబాదులోని స్త్రీ శక్తి సంఘటన సభ్యులూ కలిసి తీసిన తెలుగు చిత్రం. అరగంటైనా వుండదు. పెళ్ళి, స్నేహం, ఇంట్లో పడే దెబ్బలు - వీటి గురించి తమలో తాము చేసుకున్న చర్చల్లోంచే పాత్రల్ని పుట్టించి, మాటలు అప్పటికప్పుడు కల్పించుకుంటూ నటించారు. అందుకే ఆ మాటల్లో సినిమా వాసన లేదు. "ఆయన కొట్టారు" అన్న మాట మధ్యతరగతి ఇల్లాలి నోట అంత తేలిగ్గా రాదు కదా. "సర్దుకుపోవాలమ్మా" అనడానికి మాత్రం పదిమంది సిద్ధంగా వుంటారు. ఇందులో ఆమెకు ఆసరా అయ్యేది ఏ హీరోనో కాదు, పక్కన కూర్చుని ఓపిగ్గా వినే స్నేహం. వినడం కూడా ఒక పనేనని ఈ చిత్రం చూశాక అర్థమవుతుంది.

రెండోది ఇల్లు దాటి వీధిలోకి, పాతబస్తీ గల్లీల్లోకి నడుస్తుంది. 1984లో ఎన్టీఆర్ ప్రభుత్వాన్ని గవర్నర్ రాంలాల్ బర్తరఫ్ చేసిన రోజులవి. ఒకపక్క కుర్చీ కోసం పోరు, మరోపక్క మత ఘర్షణలు, కర్ఫ్యూ. హైదరాబాద్ ఏక్తా అనే పౌరుల బృందంతో కలిసి తీసిన ఆ డాక్యుమెంటరీ 1986లో వచ్చింది. పేరు 'క్యా హువా ఇస్ షహర్ కో?' - ఈ ఊరికేమైంది అని. ఊరేగింపులూ, నాయకుల ఉపన్యాసాలూ ఇందులో వున్నాయి. కానీ మనసులో నిలిచేవి అవి కావు. కర్ఫ్యూలో ఏ రోజు కూలి ఆ రోజే పోగొట్టుకున్న సామాన్యుల మాటలు. వ్యాఖ్యానం చరిత్రంతా విడమరిచి చెబుతుంది. అవసరమే గానీ, అక్కడక్కడ పాఠంలా తోస్తుంది. మొదటి చిత్రానికి ఆ బరువు లేదు. మనుషులు మాట్లాడుకుంటారు, అంతే. కళగా నాకు అదే మిన్న.

అయినా రెండూ కలిపి చూడాల్సినవే. పక్కింట్లో ఏడుపు వినబడితే "వాళ్ళింటి విషయం, మనకెందుకు" అంటాం. చార్మినార్ దగ్గర కర్ఫ్యూ అంటే "అది పాతబస్తీ విషయం, మనకెందుకు" అంటాం. రెండుచోట్లా మన మాట ఒకటే. దెబ్బ తిన్నవాళ్ళను ఒంటరిని చేసేది ఆ మాటే. అందుకే ఈ చిత్రాల్లో ఎవరూ తీర్పు చెప్పకపోయినా, ప్రశ్న మాత్రం తిన్నగా మన గుమ్మంలోకి వస్తుంది.

బెర్లిన్‌లోని ఆర్సెనల్ చలనచిత్ర సంస్థ ఈ చిత్రాలను డిజిటల్ రూపంలో పునరుద్ధరించింది. ఎక్కడో జర్మనీవాళ్ళు పదిలపరిచినవాటిని మనం ఒక్కసారైనా చూడొద్దూ? అవకాశం దొరికితే ఒక్కరే చూడకండి. అక్కనో, వదిననో, పక్కింటావిడనో పిలవండి. చూశాక వెంటనే లేచి వెళ్ళిపోకుండా కాసేపు కూర్చుని మాట్లాడుకోండి. ఆ చిత్రాలు పుట్టిందీ అలాగే కదా!